బందరు తోవలో రెండు చర్చిలు

చౌటుప్పల్, నార్కట్‌పల్లి, నకిరేకల్, సూర్యాపేట, కోదాడ. ఉమ్మడి నల్లగొండ జిల్లా వాళ్లకు 65వ నంబరు జాతీయ రహదారి అంటే ఈ ఊర్లే. పుణెలో మొదలై హైదరాబాదు మీదుగా మన పొలాల నడుమ నుంచి పోయే ఈ రోడ్డు విజయవాడలో ఆగదు. ఇంకా తూర్పుకు సాగి మచిలీపట్నంలో, అంటే బందరులో, సముద్రం దగ్గర ముగుస్తుంది. సముద్రం మొహం చూడని ఈ మెట్ట నేలకు వందల ఏండ్ల పాటు రేవు పట్నం అదే. ఉప్పు అక్కడి నుంచే వచ్చింది, ఫిరంగులూ అక్కడి నుంచే వచ్చాయి. ఆ తోవ చివర ఇంగ్లీషు సైన్యాధికారి ఒకరు కట్టించిన సెయింట్ మేరీస్ చర్చి ఉంది. తోవ నడుమ, మన నల్లగొండలో, ఆయుధం పట్టడమే పాపమని నమ్మిన వాళ్లు నిలబెట్టిన సంఘం ఉంది. ఈ రెంటినీ పక్కపక్కన పెట్టి చూసిన వాళ్లు తక్కువ.

ముందు తోవ సంగతి. గోల్కొండ సుల్తానుల కాలంలో బందరు దారి ఇప్పటి జాతీయ రహదారి పోయినట్టు పోలేదు. 17వ శతాబ్దంలో వజ్రాల బేరానికి వచ్చిన ఫ్రెంచి వర్తకుడు తావెర్నియే గోల్కొండ నుంచి మచిలీపట్నానికి మజిలీలు వరసగా రాసి పెట్టాడు. వాటిలో మన పానగల్లు ఉంది. నల్లగొండకు కూతవేటు దూరంలో ఉదయసముద్రం చెరువు, ఛాయా సోమేశ్వరాలయం, పచ్చల సోమేశ్వరాలయం ఉన్న ఆ పానగల్లే. ఒకప్పుడు కందూరు చోళుల రాజధాని, తర్వాత వర్తకుల బిడారులు రాత్రికి దిగే మజిలీ. అక్కడి నుంచి దారి కృష్ణ వైపు, కొల్లూరు వజ్రపు గనుల వైపు దిగేది. ఆ కొల్లూరు ఇప్పుడు పులిచింతల నీళ్ల కింద ఉంది.

పెద్ద వర్తకులకంటే ఈ తోవను ఎక్కువగా నడిచింది లంబాడీలు. వందలు, ఒక్కోసారి వేల ఎద్దుల మీద పెరికెలు వేసుకుని తీరం నుంచి ఉప్పు ఎత్తుకొచ్చి లోనాడులో అమ్మి, ధాన్యం నింపుకుని తిరిగి దిగేవాళ్లు. బండి బాట లేని చోట కూడా ఎద్దు నడిచేది. దారి పొడవునా మేసుకుంటూ పోతుంది కాబట్టి మేత ఖర్చు లేదు. తండా తండా కదిలిపోయేది, ఆడవాళ్లు, పిల్లలు, కుక్కలు, కావడి కుండలు అన్నీ కలిపి. దేవరకొండ, మిర్యాలగూడ, అచ్చంపేట దిక్కున ఇన్ని తండాలు ఎందుకున్నాయంటే ఆ కదిలే బతుకు ఆగిపోయిన చోట్లు కూడా వాటిలో ఉన్నాయి. ఉప్పు మీద ఈస్టిండియా కంపెనీ గుత్తాధిపత్యం, తర్వాత రైలు, ఈ రెండూ కలిసి ఎద్దుల బిడారుల నడుము విరిచాయి.

ఇక రేవు. డచ్చి వాళ్లు 1605లో, ఇంగ్లీషు వాళ్లు 1611లో మచిలీపట్నంలో గిడ్డంగులు పెట్టారు. ఫ్రెంచి వాళ్లు తర్వాత వచ్చారు. వలందపాలెం, పరాసుపేట, ఇంగ్లీషుపాలెం అని ఊళ్లో పేటల పేర్లు ఇవాళ్టికీ నిలిచే ఉన్నాయి. డచ్చి వాళ్ల శ్మశానంలో చెక్కిన వంశచిహ్నాలతో పెద్ద పెద్ద రాళ్లున్నాయి. కలంకారీ బట్టలు ఇక్కడి నుంచి పర్షియాకూ, తూర్పు దీవులకూ ఓడలెక్కాయి. 1759 ఏప్రిల్‌లో ఇంగ్లీషు కర్నల్ ఫోర్డ్ రాత్రిపూట దాడి చేసి ఫ్రెంచి వాళ్ల చేతిలోంచి బందరు కోటను పట్టుకున్నాడు. హైదరాబాదు నుంచి నిజాం సలాబత్ జంగ్ సైన్యం సాయానికి వస్తుండగానే పని అయిపోయింది. మరుసటి నెలలో సలాబత్ జంగ్ ఆ కోటనూ, దాని చుట్టుపక్కల జిల్లాలనూ ఇంగ్లీషు వాళ్లకే రాసిచ్చాడు. హైదరాబాదు రాజ్యానికి సముద్రపు వాకిలి అట్లా పరాయి చేతికి పోయింది. తర్వాత 1802లో కుదిరిన వర్తక ఒప్పందంలో, తన సొంత రేవుగా ఉండిన మచిలీపట్నాన్ని వాడుకునే హక్కును నిజాం అడిగి రాయించుకోవలసి వచ్చింది.

మచిలీపట్నం అప్పటికి కంపెనీ సైన్యం మకాం. 1809లో మద్రాసు సైన్యంలోని తెల్ల అధికారులే తమ గవర్నరు జార్జి బార్లో మీద తిరగబడ్డారు. గుడారాల కాంట్రాక్టు రద్దు, జీతభత్యాల మీద కసి, పై వాళ్ల పక్షపాతం, ఇవి కారణాలు. మచిలీపట్నంలోని యూరోపియన్ రెజిమెంటు అధికారులు తమ కమాండరు కర్నల్ ఇన్నెస్‌నే నిర్బంధించారు. సర్దుబాటు చేయమని జాన్ మాల్కంను మద్రాసు నుంచి ఓడ ఎక్కించి పంపారు. ఒక దశలో ఆ దండు మన తోవనే పట్టి హైదరాబాదు దండుతో కలవాలని ఆలోచించింది. ఆగస్టు నాటికి అంతా చల్లారింది. ఆ రోజుల్లో అక్కడి సేనలకు పై అధికారిగా పనిచేసిన వాడు మేజర్ జనరల్ జాన్ పేటర్. మద్రాసు అశ్విక దళం మనిషి.

ఆ 1809లోనే అరబెల్లా రాబిన్సన్ అనే యువతి మచిలీపట్నంలో చనిపోయింది. పేటర్ ప్రేమించిన మనిషి. ఆమెను క్రైస్తవ శ్మశానంలో పూడ్చడానికి అక్కడి చాప్లిన్ ఒప్పుకోలేదు. ఎందుకన్న దానికి బందరులో రెండు మాటలు వినిపిస్తాయి. పెళ్లి కాకుండా కలిసి ఉన్నారని కొందరంటారు, ఆమెది వేరే శాఖ అని ఇంకొందరంటారు. పేటర్ ఆమెను తన సొంత స్థలంలోనే పూడ్చి, ఆ సమాధి మీద సొంత డబ్బుతో చర్చి కట్టించాడు. కట్టించి దానిని ప్రభుత్వానికి అప్పగించాడు. చర్చిని ప్రతిష్ఠ చేశాక అది పవిత్ర స్థలమే అవుతుంది, లోపలున్న సమాధి కూడా పవిత్ర నేలలో ఉన్నట్టే. పాదిరీ కాదన్నదాన్ని పేటర్ వాదించి సాధించలేదు. ఆమెను గుడి దగ్గరికి తీసుకుపోనివ్వకపోతే గుడినే ఆమె దగ్గరికి తెచ్చాడు. సెయింట్ మేరీస్ చర్చి అదే.

శవాన్ని చెడిపోకుండా మందులు పూసి గాజు మూత పెట్టెలో ఉంచారని, మీట తిప్పితే పెట్టె పైకి లేచేదని, జనరల్ వచ్చి కూర్చుని చూసుకునేవాడని ఒక కథ ఊళ్లో చాలా కాలంగా నడుస్తోంది. పర్యాటకుల కోసం రాసే ప్రతి వ్యాసమూ ఆ పెట్టె దగ్గరే మొదలై ఆ పెట్టె దగ్గరే ముగుస్తుంది. నాకు ఆ కథ మీద మోజు లేదు. అది అరబెల్లాను మళ్లీ ఒక వస్తువు చేస్తుంది. ఆమె ఎవరి బిడ్డ, ఏం చదివింది, ఏ ఓడలో ఎందుకు వచ్చింది అని ఆ కథ ఒక్కసారీ అడగదు. చర్చి లోపల ఆమె పేరు, చనిపోయిన ఏడాది ఉన్నాయి. అంత్యక్రియలకు చోటు లేదనిపించుకున్న ఒక ఆడమనిషి పేరు మీద రెండు వందల ఏండ్లుగా ఆరాధన నడుస్తోంది. గాజు పెట్టె కంటే ఇది ఎంతో పెద్ద సంగతి.

1864 నవంబరు 1 రాత్రి వచ్చిన తుపానులో సముద్రం మైళ్ల దూరం ఊరి మీదికి వచ్చింది. మచిలీపట్నం చుట్టుపక్కల 30,000 మంది దాకా పోయారని లెక్క. తెల్లారేసరికి మంచినీళ్ల బావులన్నీ ఉప్పునీళ్ల బావులయ్యాయి. బతికినవాళ్లకు తాగడానికి గుక్కెడు నీళ్లు లేవు. దిబ్బ మీద ఉన్న ఇళ్లు, గట్టి గోడలు నిలిచాయి, మట్టి గుడిసెలు నేలమట్టమయ్యాయి. చచ్చినవాళ్లలో ఎక్కువ మంది మట్టి గుడిసెల వాళ్లే. ఆ దెబ్బతో కోట మకాం ఎత్తేశారు. మచిలీపట్నం రేవుగా మళ్లీ కోలుకోలేదు. చర్చి మాత్రం మిగిలింది.

సెయింట్ మేరీస్ దండు కోసం ఉన్న చర్చి. తెలుగు వాళ్ల మధ్య పనిచేసే మిషన్ బందరుకు 1841లో వచ్చింది. రాబర్ట్ నోబుల్, హెన్రీ ఫాక్స్ అనే ఇద్దరు యువకులు ఆ ఏడాది దిగారు. 1843లో నోబుల్ బడి తెరిచాడు. అదే తర్వాత నోబుల్ కాలేజీ అయింది. బ్రాహ్మణులూ పెద్ద కులాల వాళ్లూ ముందు మారితే మిగతా సమాజం వెంట వస్తుందని ఆయన నమ్మకం. అందుకోసం మొదట్లో అంటరానివాళ్ల పిల్లలను బడిలో చేర్చుకోలేదు. 1852లో ఒక బ్రాహ్మణ విద్యార్థి, ఒక వెలమ విద్యార్థి బాప్తిస్మం తీసుకున్నప్పుడు ఊరంతా అట్టుడికింది. నోబుల్ నిష్ఠాపరుడు, పెళ్లి చేసుకోలేదు, సెలవుకు కూడా స్వదేశం పోకుండా 1865లో ఈ ఊళ్లోనే కన్నుమూశాడు. ఆ నిష్ఠకు దండం పెడుతూనే చెప్పవలసిన మాట ఒకటుంది. పై నుంచి కిందికి దిగుతుందని ఆయన ఎదురుచూసిన మార్పు అట్లా దిగలేదు. అది కింది నుంచి, మాలపల్లెల నుంచి, మాదిగవాడల నుంచి వచ్చింది.

మన వైపు ఆ మార్పు చూడాలంటే 1889కి రావాలి. నిజాం రైలు ఆ ఏడాది వరంగల్లు దారిన బెజవాడకు చేరింది. నల్లగొండను పక్కన పెట్టి పోయింది. ఎద్దుల తోవకు అదే ఆఖరు. సరుకంతా పట్టాల మీదికి ఎక్కింది, పానగల్లు మజిలీ పాతబడింది. సరిగ్గా ఆ ఏడాదే అబ్రహాం ఫ్రీసెన్, ఆయన భార్య మరియా రష్యా సామ్రాజ్యపు దక్షిణ ప్రాంతం నుంచి, అంటే నేటి ఉక్రెయిన్ నుంచి, తెలుగు దేశానికి బయలుదేరారు. 1890లో నల్లగొండలో స్థిరపడ్డారు.

వీళ్లు మెన్నొనైట్లు. మాతృభాష జర్మన్. కత్తి పట్టకూడదు, ప్రమాణం చేయకూడదు, తెలిసిన వయసులోనే బాప్తిస్మం తీసుకోవాలి అనే కట్టుబాటు మీద 16వ శతాబ్దంలో యూరప్‌లో మొదలైన శాఖ. ఆ కట్టుబాటు కోసం దేశం నుంచి దేశానికి తరలిపోయిన వాళ్లు. సైన్యంలో చేరమని ప్రష్యా రాజ్యం ఒత్తిడి పెడితే, రష్యా రాణి కేథరిన్ ఇచ్చిన మినహాయింపు మాట నమ్మి 1789లో నీపర్ నది ఒడ్డున ఖోర్తిత్సాలో దిగారు. బీడు నేలను గోధుమ పొలాలు చేశారు. ఫ్రీసెన్ హాంబర్గ్ బాప్టిస్టు సెమినరీలో చదివాడు. సొంతంగా మిషన్ నడిపే ఏర్పాటు తన సంఘానికి లేకపోవడంతో బోస్టన్‌లో కేంద్రం ఉన్న అమెరికన్ బాప్టిస్టు మిషనరీ యూనియన్ కింద చేరాడు. జాగా బాప్టిస్టులు చూపించారు, మనుషులు, సొమ్ము ఉక్రెయిన్ పల్లెల నుంచి వచ్చాయి. నీపర్ ఒడ్డున పండిన గోధుమల డబ్బు నల్లగొండలో బంగళా, బడి, ప్రార్థనాలయం, వైద్యశాల అయింది.

బందరు చర్చి కట్టించిన వాడు జనరల్. నల్లగొండ సంఘం నిలబెట్టిన వాళ్లు తుపాకి పట్టబోమని ఊర్లు ఖాళీ చేసిన రైతుల బిడ్డలు. అంతా తెల్లతోలు మతమే కదా అని ఒకే గాటన కట్టేసే వాళ్లు ఈ తేడా చూడాలి. అట్లని మిషనరీలు దొరలు కాకుండా పోలేదు. బంగళా ఎత్తుగానే ఉండేది, జనం దొర, దొరసాని అనే పిలిచారు. అయితే ఆ దొర పాలించే దొర కాదు. నల్లగొండ నిజాం ఏలుబడిలో ఉంది, పల్లె దేశ్‌ముఖ్ చేతిలో ఉంది. మాల మాదిగలు వెట్టి చేయాలి, కబురు మోయాలి, చచ్చిన గొడ్డును లాగాలి. 1884 నుంచి కచేరీల్లో ఉర్దూ నడిచింది. వాడ పిల్లలకు తెలుగు అక్షరం చెప్పేవాడు లేడు. మిషన్ బడి చాలా పల్లెల్లో వాళ్లు చూసిన మొదటి బడి. బైబిలు చదవడానికి నేర్పిన అక్షరమే పట్వారీ రాసిన కాగితం చదవడానికీ పనికొచ్చింది.

బాప్టిస్టుల బాప్తిస్మం తల మీద నాలుగు చుక్కలు చల్లేది కాదు. మనిషిని నిలువునా నీళ్లలో ముంచి లేపాలి. కృష్ణ ఒడ్డున అదేమంత పని కాదు. నల్లగొండలో అట్లా కాదు. ఎండాకాలం చెరువు అడుగంటుతుంది. ఊరి బావిలో దిగే హక్కు మాల మాదిగలకు లేదు. నీళ్లు ఎక్కడున్నాయి, అవి ఎవరివి అన్నది ఇక్కడ ముందు తేలాలి. తెల్ల బట్టలు కట్టుకున్న మనుషులు వరసగా చెరువులో దిగి, పాదిరి చేయి తల వెనక ఆనించి ముంచి లేపగా, ఒడ్డున ఉన్నవాళ్లు పాట ఎత్తుకోవడం ఇప్పటికీ మన పల్లెల్లో చూస్తాం. ఊరి నీళ్లలో దిగడమే ఒకప్పుడు నేరమైన వాళ్లకు ఆ మునకలో ఎంత ధైర్యం కావలసి వచ్చిందో మనం ఊహించుకోవచ్చు.

పని నడిపింది తెల్లవాళ్లు మాత్రమే అనుకుంటే పొరపాటు. నల్లగొండ దొర ఏడాదిలో ఎన్ని ఊర్లు తిరగగలడు? పల్లె పల్లెలో గొంగడి పరిచి ప్రార్థన పెట్టింది తెలుగు బోధకులు, ఇంటింటికీ పోయి ఆడవాళ్లకు చదివి వినిపించింది బైబిలు స్త్రీలు. వాళ్ల పేర్లు మిషన్ నివేదికల్లో అరుదుగా కనిపిస్తాయి. చెప్పులు బయట విడిచి, ఆడవాళ్లు ఒక దిక్కు మగవాళ్లు ఒక దిక్కు చాపల మీద కూర్చుని, డప్పు, తాళాలతో కీర్తనలు పాడే ఆరాధన హాంబర్గ్ నుంచి రాలేదు, బోస్టన్ నుంచీ రాలేదు. అది వాడ తయారు చేసుకున్నది.

ఫ్రీసెన్ ఆరోగ్యం చెడి 1908లో తిరిగిపోయాడు, 1919లో చనిపోయాడు. మరో మెన్నొనైట్ మిషనరీ కొర్నేలియస్ ఉన్రూ నల్లగొండలో పని కొనసాగించాడు. 1914లో యుద్ధం వచ్చి రష్యా డబ్బు ఆగింది. 1917 విప్లవం, అంతర్యుద్ధం, 1921-22 కరువు ఆ గోధుమ పల్లెలను తుడిచిపెట్టాయి. వేల మంది మెన్నొనైట్లు కెనడాకు పారిపోయారు. పంపినవాళ్ల ఊర్లు పోయినా పంపిన చోట సంఘం నిలిచింది, అమెరికన్ బాప్టిస్టుల ఆసరాతో, అంతకంటే ఎక్కువగా సొంత మనుషులతో.

పాలమూరు కథ దీనికి తోబుట్టువు. అక్కడ అమెరికన్ బాప్టిస్టులు 1885లోనే మిషన్ పెట్టారు. 1890లో పాలమూరు మహబూబ్‌నగర్ అయింది. ఇటు అమెరికాలో స్థిరపడ్డ మెన్నొనైట్ బ్రదరన్ శాఖ వాళ్లు 1899లో హైదరాబాదు వచ్చి, తర్వాత నాగర్‌కర్నూలు, దేవరకొండ, వనపర్తి, కల్వకుర్తి దిక్కు విస్తరించారు. 1937లో బాప్టిస్టులు మహబూబ్‌నగర్‌ను, గద్వాలను వాళ్లకే అప్పగించారు. వాళ్లలో డాక్టర్ కేథరీనా షెల్లెన్‌బర్గ్ గురించి విడిగా ఒక పుస్తకం రావాలి. రష్యాలో పుట్టి కాన్సస్‌లో పెరిగి 1907లో వచ్చిన ఈమె, ఒంటరి డాక్టరుగా ఏండ్ల తరబడి పనిచేసి 1945లో శంషాబాదులో కన్నుమూసింది. ప్రసవానికి మగ డాక్టరును చూడనివ్వని రోజుల్లో ఆడ డాక్టరు ఉండటం ఎంత ప్రాణమో ఈ తాలూకాల వాళ్లకు తెలుసు. 1950ల్లో జడ్చర్లలో వచ్చిన మిషన్ ఆసుపత్రి ఆ పనికి కొనసాగింపు. ఇవాళ ప్రపంచంలోని మెన్నొనైట్ బ్రదరన్ సంఘాలలో అతి పెద్దవాటిలో ఒకటి తెలుగులో ప్రార్థన చేసేదే.

ఇప్పుడు మళ్లీ అరబెల్లా సమాధి దగ్గరి ప్రశ్నకు రావాలి. చనిపోయిన మనిషికి ఆరడుగుల నేల ఎవరివ్వాలి? బందరులో ఒక జనరల్‌కు డబ్బుంది, స్థలముంది, కాబట్టి ఆయన ఆ ప్రశ్నకు చర్చితోనే జవాబు చెప్పాడు. నల్లగొండ, పాలమూరు పల్లెల్లో క్రైస్తవులైన మాల మాదిగలకు ఆ ప్రశ్న నేటికీ తీరలేదు. చాలా ఊర్లలో సమాధుల స్థలం లేదు, ఉంటే వాగు ఒడ్డునో బాట పక్కనో ఉంది, రోడ్డు వెడల్పు చేసినప్పుడు అది పోతుంది. 1950 రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం క్రైస్తవానికి మారితే ఎస్సీ హోదా ఉండదు, బీసీ-సీ లోకి పోవాలి. అందుకే సంఘం రిజిస్టరులో ఒక పేరు, బడి సర్టిఫికెట్‌లో ఇంకో పేరు పెట్టుకుని రెండు బతుకులు మోసే కుటుంబాలున్నాయి. బతికినన్నాళ్లూ సర్టిఫికెట్ పేరు చెల్లుతుంది. పాడె లేచినప్పుడు మాత్రం ఏ నేలకు తీసుకుపోవాలో ఇంట్లో వాళ్లు తేల్చుకోవలసి వస్తుంది.

సెయింట్ మేరీస్‌ను చూడటానికి ఎవరో ఒకరు వస్తూనే ఉన్నారు. బందరులో 2023లో కొత్త రేవు పనులు మొదలయ్యాయి. అది పూర్తయితే మన రోడ్డు మీద లారీలు మళ్లీ సముద్రం దిక్కు తిరుగుతాయి. నల్లగొండ మిషన్ చరిత్రను చూడటానికి మాత్రం ఎవరూ రావడం లేదు. బాప్తిస్మపు రిజిస్టర్లు, పెళ్లి రిజిస్టర్లు, సమాధి రాళ్లు చెదలకూ ఎండకూ వదిలేసినవే ఎక్కువ. ఏ వాడ నుంచి ఎవరు, ఏ ఏట, ఏ ఇంటిపేరుతో వచ్చారో చెప్పే కాగితాలవి. వెట్టి కాలపు మాల మాదిగల పేర్లు ఒక్కొక్కటిగా రాసి పెట్టిన పుస్తకాలు మన జిల్లాల్లో ఇంకెన్ని ఉన్నాయి? ముందు వాటికి ఫొటోలు తీయాలి. ఫ్రీసెన్ నల్లగొండలో ఉండగా ‘దస్ ఎర్న్‌టెఫెల్డ్’ అని జర్మన్‌లో ఒక పత్రిక నడిపాడు, రష్యాలోని తన వాళ్లకు ఇక్కడి సంగతులు చెప్పడానికి. నల్లగొండ మనుషుల గురించి నూరేండ్ల కిందట నల్లగొండ నుంచే రాసిన ఆ పుటలను తెలుగులోకి తేవడం ఇక్కడి మహాత్మాగాంధీ విశ్వవిద్యాలయానికి, పాలమూరు విశ్వవిద్యాలయానికి తగిన పని. జర్మన్ తెలిసిన ఒక పరిశోధకుడు, వాడల్లో పెద్దవాళ్లతో మాట్లాడగల ఇద్దరు ముగ్గురు విద్యార్థులు ఉంటే దాన్ని ఈ ఏడాదే మొదలుపెట్టవచ్చు.